నేలలో తలుపున్న ఇల్లు

సముద్రం అడుగున కాపురం పెట్టాలని మనిషి కన్న కల అరవై ఏళ్లలో ఎక్కడెక్కడో తిరిగింది. ఇప్పుడు అది వెతుకుతున్న వింత నీళ్లలో కొన్ని మన కృష్ణా, గోదావరి నదుల ముఖద్వారాలకు ఎదురుగానే ఉన్నాయి.

ఆ ఇంట్లోకి కింది నుంచే వెళ్లాలి. ఫ్లోరిడాలో కీ లార్గో తీరానికి కొన్ని కిలోమీటర్ల అవతల, కాంచ్ రీఫ్ అనే పగడపు దిబ్బ పక్కన, దాదాపు 19 మీటర్ల లోతున ఉక్కు కాళ్ల మీద నిలబడిన గొట్టం అది. పేరు అక్వేరియస్. పొడవు 13 మీటర్లు, వ్యాసం మూడు మీటర్లకు తక్కువ. లోపల ఆరు పడకలు, చిన్న వంటగట్టు, ఒక బల్ల, చేపలు వచ్చి తొంగిచూసే గుండ్రటి కిటికీ. ఒక చివరి గదిలో నేల కొంతమేర ఉండదు. అక్కడ సముద్రం ఉంటుంది. ఈదుకుంటూ వచ్చిన డైవర్ ఆ నీళ్లలోంచి తల పైకెత్తి, మెట్లెక్కి, ఒళ్లు కడుక్కుని, తువ్వాలు చుట్టుకుని లోపలికి వెళ్తాడు. ఆ తలుపుకు రెక్కల్లేవు, గొళ్లెం లేదు. బోర్లించిన గ్లాసును బకెట్లో నిటారుగా ముంచితే లోపలి గాలి నీళ్లను రానివ్వదు కదా, ఇక్కడా అంతే. ఇంట్లో గాలిని బయటి నీటితో సమానమైన ఒత్తిడిలో ఉంచితే చాలు, సముద్రం గడప దగ్గర ఆగిపోతుంది.

సముద్రగర్భ పరిశోధన కేంద్రం అనగానే మందపాటి గోడలు, ఒకదాని తర్వాత ఒకటిగా మూసుకునే ఇనుప తలుపులు మన కళ్లముందు మెదులుతాయి. సినిమాల పుణ్యం. నిజంగా మనుషులు కాపురం ఉన్న కేంద్రాల్లో చాలావాటికి గొప్పతనమంతా ఈ తెరిచిన తలుపులోనే ఉంది. కాకపోతే దాని ఖరీదు ఒంటితో చెల్లించాలి.

నీళ్లలో ప్రతి 10 మీటర్ల లోతుకూ ఒక వాతావరణం బరువు పెరుగుతుంది. ఆ ఒత్తిడిలో పీల్చిన గాలిలోని నత్రజని రక్తంలో, కొవ్వులో, కీళ్లలో కరిగిపోతుంది. ఉన్నట్టుండి పైకి వస్తే అదంతా బుడగలై పొంగుతుంది. డైవర్లు బెండ్స్ అనే ఈ జబ్బు మనిషిని వంకర్లు తిప్పుతుంది, అవిటివాణ్ణి చేస్తుంది, చంపేస్తుంది కూడా. అందుకే లోతుకు దిగినవాళ్లు ఆగి ఆగి పైకి రావాలి. ఎంతసేపు ఉంటే అంత ఆలస్యంగా ఎక్కాలి. చాలాకాలం శాస్త్రవేత్తకు సముద్రం అడుగున దొరికింది నిమిషాల లెక్కే. ఏదో ఆసక్తికరమైనది కంటపడేసరికి గడియారం పిలిచేది.

1957లో అమెరికా నౌకాదళ వైద్యుడు జార్జ్ బాండ్ మొదలుపెట్టిన ప్రయోగాలు ఈ లెక్కను తిరగేశాయి. ఒక లోతున సుమారు ఒక రోజు గడిస్తే శరీరం పీల్చుకోగలిగినంత వాయువును పీల్చేసుకుంటుంది. ఆ తర్వాత రోజులున్నా, నెలలున్నా ఇంకా పట్టదు. అంటే పైకి రావడానికి పట్టే సమయం అక్కడితో పెరగడం ఆగిపోతుంది. వారం ఉన్నా, నెల ఉన్నా రుసుము ఒకటే. రోజూ దిగి ఎక్కే బదులు అక్కడే ఉండిపోయి, చివర్లో ఒక్కసారి ఆ రుసుము కట్టేస్తే సరిపోతుంది. సముద్రం అడుగున ఇల్లు కట్టుకోవచ్చన్న ధైర్యం ఈ ఒక్క సంగతి నుంచే వచ్చింది.

రెండు దేశాల పందెం

1962 సెప్టెంబరులో ఫ్రాన్స్ తీరాన ఇద్దరు పోటీపడ్డట్టే పని చేశారు. ఎడ్విన్ లింక్ అనే అమెరికన్ ఆవిష్కర్త తరఫున బెల్జియం డైవర్ రోబేర్ స్టెన్యుయి 61 మీటర్ల లోతున ఒక అల్యూమినియం గొట్టంలో ఒక రోజు పైబడి గడిపాడు. కొద్దిరోజులకే ఫ్రెంచి సముద్ర అన్వేషకుడు జాక్ కూస్తో మనుషులిద్దరు, ఆల్బేర్ ఫాల్కో, క్లోద్ వెస్లీ, మార్సే దగ్గర 10 మీటర్ల లోతున వారం రోజులు కాపురం ఉన్నారు. మరుసటి ఏడు కూస్తో ఏకంగా ఎర్ర సముద్రంలో, సూడాన్ తీరాన, చిన్న పల్లెనే దించాడు. నక్షత్ర చేప ఆకారంలో ఒక ఇల్లు, వాహనానికి ఒక గ్యారేజి, ఇంకాస్త లోతున ఇద్దరికి ఒక చిన్న గది. ఓ చిలక కూడా వెంట ఉంది. నెల్లాళ్ల ఆ కాపురం మీద తీసిన చిత్రానికి ఆస్కార్ వచ్చింది. అందులో సిగరెట్లు వెలిగిస్తూ, భోజనానికి కూర్చుంటూ తిరిగే ఆ మనుషుల్ని చూస్తే సాహసికుల్లా కాక, సెలవులకు వచ్చిన చుట్టాల్లా కనిపిస్తారు. కూస్తోకు కావలసిందీ అదే. సముద్రం అడుగున బతకడం అలవాటు పడదగ్గ విషయమేనని జనం నమ్మాలి. వెనక డబ్బు పెట్టిన చమురు పరిశ్రమ లెక్క వేరు. 1965లో కూస్తో మూడో కేంద్రం 100 మీటర్లకు దిగినప్పుడు అక్కడ ఆరుగురితో చేయించిన ముఖ్యమైన పని చమురు బావి మూతి బిగించడం.

అమెరికా నౌకాదళం సీల్యాబ్ పేరుతో అదే బాట పట్టింది. 1965లో కాలిఫోర్నియా తీరాన 62 మీటర్ల లోతున రెండో సీల్యాబ్‌ను ఒక వాలు మీద దించారు. ఇల్లు ఒక పక్కకు ఒరిగింది. గిన్నెలు జారేవి, మంచం మీంచి మనిషీ జారేవాడు. అంత లోతున మామూలు గాలి పీలిస్తే నత్రజని మత్తు ఎక్కుతుంది కాబట్టి హీలియం కలిపారు. హీలియం గొంతును బాతు అరుపులా మారుస్తుంది, ఒంటి వేడిని లాగేస్తుంది. దాంతో ముప్ఫై రోజులు గడిపిన స్కాట్ కార్పెంటర్ అంతకు మూడేళ్ల ముందు భూమిని చుట్టి వచ్చిన వ్యోమగామి. 1965 ఆగస్టులోనే కక్ష్యలో తిరుగుతున్న జెమిని-5 వ్యోమగాములతో సముద్రం అడుగు నుంచి ఫోనులో మాట్లాడాడు. కింది నుంచి బాతు గొంతు, పై నుంచి గరగరలు. ఎవరికెంత అర్థమైందో గానీ, మనిషి ఇల్లు ఎంత దూరం జరిగిందో చెప్పడానికి ఆ ఒక్క ఫోను చాలు. టఫీ అనే డాల్ఫిన్ పై నుంచి ఉత్తరాలు, సామాన్లు మోసుకొచ్చేది.

1969 ఫిబ్రవరి 15న వర్జిన్ ద్వీపాల్లో టెక్టైట్ అనే కేంద్రంలోకి నలుగురు శాస్త్రవేత్తలు రెండు నెలల కాపురానికి దిగారు. రెండు రోజులకు, 17న, మూడో సీల్యాబ్ దగ్గర బెర్రీ కానన్ అనే డైవర్ చనిపోయాడు. లోతు 186 మీటర్లు. విడిచిన గాలిలోని బొగ్గుపులుసు వాయువును పీల్చేసే రసాయనం అతని పరికరంలో లేదని విచారణలో తేలింది. కార్యక్రమం అక్కడితో ఆగిపోయింది.

ఐదుగురు ఆడవాళ్లు, కొన్ని చేపలు

టెక్టైట్ గురించి ఇంకాస్త చెప్పుకోవాలి. ఎందుకంటే ఉండటం వల్ల ఏమొస్తుందన్న ప్రశ్నకు నాకు కనిపించే మంచి జవాబు అక్కడుంది. 1970లో జరిగిన రెండో విడతకు శాస్త్రవేత్తల నుంచి దరఖాస్తులు అడిగితే స్త్రీలూ పంపారు. స్త్రీ పురుషుల్ని ఒకే గొట్టంలో రెండు వారాలు ఉంచడానికి అధికారులకు మనసొప్పలేదు. విడిగా ఆడవాళ్ల జట్టు వేశారు. నాయకురాలు సిల్వియా ఎర్ల్. నాచుమొక్కల నిపుణురాలు, అప్పటికే పిల్లల తల్లి. నలుగురు శాస్త్రవేత్తలు, ఒక ఇంజనీరు. పత్రికలు వాళ్ల జుట్టు గురించి, సౌందర్య సాధనాల గురించి అడిగాయి. బయటికొచ్చాక షికాగోలో ఊరేగింపు, వైట్‌హౌస్‌లో విందు.

వాళ్లు నీటిలో గడిపిన తీరు వేరు. తెల్లవారకముందే లేచి తలుపులోంచి జారుకునేవారు. పగటి చేపలు నిద్రలేచే వేళ, రాత్రి చేపలు పగుళ్లలోకి దూరే వేళ, రెండూ చూశారు. ఎర్ల్ తర్వాత చాలాసార్లు చెప్పిన సంగతి ఒకటుంది. కొన్నాళ్లకు అక్కడి చేపలు జాతుల పేర్లుగా కాక ఒక్కొక్కటీ ఒక్కో వ్యక్తిగా తెలిసిపోయాయట. పొద్దున్నే ఒకే దారిన వచ్చేది ఏదో, కొత్తవాళ్లకు బెదిరేది ఏదో, వెంటపడి చూసేది ఏదో. ఇరవై నిమిషాలు దిగి వచ్చేవాడికి ఈ పరిచయం కుదరదు. ఊళ్లో బస్సు దిగి ఫొటోలు తీసుకుని వెళ్లేవాడికి, ఆ ఊళ్లో అద్దెకు ఉన్నవాడికి ఉన్నంత తేడా ఉంది.

అంత లాభం ఉంటే ఆ ఇళ్లన్నీ ఏమయ్యాయి? లోకమంతా కలిపి అలాంటివి పదుల సంఖ్యలో కట్టారు, దాదాపు అన్నీ మూలపడ్డాయి. చంద్రుడి మోజులో డబ్బు అటు పోయిందంటారు. అది సగం నిజమే. అసలు దెబ్బ చమురు కంపెనీల ఉపాయం కొట్టింది. ఇల్లు నీళ్లలో ఎందుకు, ఓడ మీదే ఉంచి అందులో ఒత్తిడి పెంచితే సరిపోతుంది కదా అనుకున్నాయి. అలాగే చేశాయి. ఇప్పటికీ ఉత్తర సముద్రంలో, మన బాంబే హైలో లోతు పనులు చేసే డైవర్లు ఓడ మీది ఉక్కు గదుల్లో వారాల తరబడి ఒత్తిడిలోనే తిని, పడుకుని, గంట ఆకారపు తొట్టెలో పనికి దిగి వస్తారు. బాండ్ సిద్ధాంతం బతికింది, ఇల్లు మాత్రం ఒడ్డుకొచ్చేసింది. పని కోసం దిగేవాడికి అదే తెలివైన పద్ధతి. చూడటానికి దిగేవాడికి మాత్రం కిటికీ పోయింది.

అక్వేరియస్ మాత్రం ఈ లెక్కల మధ్య మొండిగా నిలిచింది. 1980లలో కట్టి మొదట వర్జిన్ ద్వీపాల్లో ఉంచారు. 1990ల ఆరంభం నుంచి ఫ్లోరిడాలో ఉంది. 2013 నుంచి ఫ్లోరిడా అంతర్జాతీయ విశ్వవిద్యాలయం నడుపుతోంది. దాన్ని ఎక్కువగా వాడుకున్న చుట్టం నాసా. 2001 నుంచి 2019 దాకా 23 సార్లు వ్యోమగాముల్ని అక్కడికి పంపింది. సునీతా విలియమ్స్ 2002లో తొమ్మిది రోజులు అందులో ఉన్నారు. నడుముకు బరువులు సర్దుకుంటే సముద్రం అడుగున నడక చంద్రుడి మీది నడకలా, అంగారకుడి మీది నడకలా ఉంటుంది. 2006లో అక్కడ ఉంచిన రోబో చేతుల్ని కెనడాలోని హామిల్టన్ నుంచి వైద్యుడు కదిలించి శస్త్రచికిత్స సాధన చేశారు. చంద్రుడికి సంకేతం వెళ్లి వచ్చేంత ఆలస్యాన్ని కావాలని మధ్యలో పెట్టారు.

వ్యోమగాములకు అక్కడ బాగా వంటబట్టేది మరోటి. అంతరిక్ష కేంద్రంలో ప్రమాదం వస్తే కొన్ని గంటల్లో భూమి మీద పడొచ్చు. అక్వేరియస్‌లో 19 మీటర్ల పైన సూర్యుడు, పడవలు, గాలి అన్నీ ఉంటాయి. కానీ అలా ఈదుకుంటూ పోతే ప్రాణాలే పోవచ్చు. ముందు ఆ గొట్టంలోనే దాదాపు 17 గంటలు కూర్చుని నెమ్మదిగా ఒత్తిడి దింపుకోవాలి. చివర్లో చేసే పని చూస్తే నవ్వొస్తుంది. ఒత్తిడి పూర్తిగా దిగాక లోపలి గది తలుపు తెరుచుకోదు. మళ్లీ నిమిషాల్లో ఒత్తిడి పెంచి, ఒంట్లోకి నత్రజని ఎక్కేలోపు గబగబా నీళ్లలోకి దూకి పైకి ఈదేయాలి.

నీళ్లే వేరు

ఇంతవరకూ మనకు తెలిసిన నీళ్లే. పగడాలు, వెలుతురు, చేపలు. 1977 ఫిబ్రవరిలో గాలపాగోస్ దగ్గర సుమారు 2,500 మీటర్ల లోతున ఆల్విన్ అనే జలాంతర వాహనంలో వెళ్లినవాళ్లకు వేరే లోకం దొరికింది. సముద్రపు నేల చీలికల్లోంచి వేడి నీళ్లు. వాటి చుట్టూ మనిషి ఎత్తు గొట్టపు పురుగులు, నోరూ కడుపూ లేనివి. అన్నం పెట్టేది వాటి ఒంట్లో కాపురమున్న సూక్ష్మజీవులు. అవి సూర్యుడి మీద కాక గంధకం మీద బతుకుతాయి. అన్ని ప్రాణాలకూ మూలం ఎండే అని పాఠం చెప్పుకున్న జీవశాస్త్రం ఆ రోజు కాస్త తడబడింది. ఆ వాహనంలో వెళ్లింది భూగర్భ శాస్త్రజ్ఞులు. ఒక్క జీవశాస్త్రజ్ఞుడూ లేడు, ఎందుకంటే అక్కడ ప్రాణి ఉంటుందని ఎవరూ అనుకోలేదు.

2000 డిసెంబరులో అట్లాంటిక్‌లో లాస్ట్ సిటీ దొరికింది. తెల్లటి సున్నపు గోపురాలు, కొన్ని 60 మీటర్ల ఎత్తు. వాటిలోంచి వచ్చేది లావా వేడి కాదు. రాతికీ సముద్రపు నీటికీ జరిగే రసాయన చర్య వేడి, దానివెంట హైడ్రోజన్. మెక్సికో సింధుశాఖలో సముద్రం అడుగునే చెరువులున్నాయి. మామూలు సముద్రం కన్నా కొన్ని రెట్లు ఉప్పగా, బరువుగా ఉండే నీళ్లు పల్లంలో నిలిచి, పైనున్న నీటితో కలవకుండా, తమ ఒడ్డు తామే గీసుకుని, కదిలిస్తే అలలతో ఊగుతాయి. ఆ ఒడ్డున ఆల్చిప్పలు కట్టిన గట్టు ఉంటుంది. దారి తప్పి లోపలికి దూకిన పీత ఊపిరాడక చస్తుంది. నీళ్లలో మునిగిన నీళ్లు ఇవి. కల్పన రాసేవాళ్లకు ఇంత ధైర్యం ఎప్పుడూ రాలేదు.

ఒకరికి వచ్చింది. పోలండ్ రచయిత స్టానిస్వాఫ్ లెమ్ 1961లో సొలారిస్ నవల రాశాడు, అంటే కూస్తో మనుషులు దిగడానికి ఏడాది ముందే. రెండు సూర్యుల మధ్య తిరిగే ఒక గ్రహం, దాన్నంతా కప్పిన ఒకే ఒక సముద్రం, ఆ సముద్రమే ఒక జీవి. దాని మీద వేలాడే పరిశోధన కేంద్రంలో ముగ్గురు శాస్త్రజ్ఞులు, వాళ్లలో ఒకరు చనిపోయారు. తరాల తరబడి గ్రంథాలయాలు నిండేంత రాసినా సముద్రం ఏం చేస్తోందో ఎవరికీ తెలియదు. అది మాత్రం వాళ్ల మనసుల్లోంచి వాళ్ల అపరాధాల్ని మనుషుల రూపంలో కేంద్రానికి పంపుతుంది. సోవియెట్ దర్శకుడు తార్కోవ్‌స్కీ 1972లో ఈ నవలను సినిమా తీస్తే లెమ్‌కు నచ్చలేదు. తాను రాసింది సముద్రం గురించి, దర్శకుడు తీసింది మనిషి కుటుంబ బాధ గురించి అని అతని ఫిర్యాదు. నాకు సినిమా ఇష్టం, కానీ ఈ తగువులో న్యాయం రచయిత వైపే. మనిషి ఎక్కడికెళ్లినా తనకే అద్దం పెట్టుకుంటాడన్నది ఆ నవల వెటకారం. గాలపాగోస్‌కు జీవశాస్త్రజ్ఞుణ్ణి తీసుకెళ్లని ఆ వాహనం గుర్తొస్తుంది.

లెమ్ ఇంకో సంగతిని కూడా పట్టుకున్నాడు. ఆ కేంద్రంలో ఉండేవాళ్లు ఆ సముద్రంలో ఈదలేరు. కిటికీలోంచి చూడాల్సిందే. వింత నీళ్ల దగ్గర కట్టబోయే కేంద్రాలకూ ఇదే గతి. హీలియం, హైడ్రోజన్ మిశ్రమాలతో ప్రయోగశాల గదిలో మనిషి తట్టుకున్న గరిష్ఠ ఒత్తిడి 701 మీటర్ల లోతుకు సమానం, ఫ్రాన్స్‌లో 1992 మాట. నిజమైన సముద్రంలో పని చేసింది 500 మీటర్ల చిల్లర. అంతకు మించి ఒంటితో ఖరీదు కట్టే అవకాశం లేదు. 2,000 మీటర్ల దగ్గర ప్రతి చదరపు సెంటీమీటరు మీద 200 కిలోల బరువు. అక్కడ ఇల్లంటే బయటి ఒత్తిడిని ఆపే గోళమే. గోళానికి నేలలో తలుపుండదు.

చైనా దక్షిణ చైనా సముద్రంలో సరిగ్గా అంత లోతున, మీథేన్ ఊరే చోట, ఆరుగురు నెలపాటు ఉండగల కేంద్రం కట్టబోతోందని, 2030 నాటికి సిద్ధం చేస్తుందని 2025 ఆరంభంలో వార్తలొచ్చాయి. అది నిజమైతే వింత నీళ్ల మధ్య మనుషులు కాపురమున్న మొదటి ఇల్లు అదే అవుతుంది. బయటికి వెళ్లేది రోబోలు, నివాసులు కూర్చుని చూస్తారు. అదే చూడటానికి మనిషెందుకు అన్నది వెంటనే వచ్చే ప్రశ్న. కెనడా 2009 నుంచి పసిఫిక్ అడుగున 800 కిలోమీటర్లకు పైగా తీగ పరిచి, కెమెరాలు, వినికిడి యంత్రాలు తగిలించి, ఇంట్లో కుర్చీలో కూర్చునే రేయింబవళ్లు చూస్తోంది. ఖర్చు పరంగా, ప్రాణభయం పరంగా తీగే గెలుస్తుంది. నిద్రపోదు కూడా. కానీ కెమెరా ఎటు తిరగాలో ముందే చెప్పి పెట్టాలి. ఎర్ల్‌కు పక్క చూపుతో కనిపించిన చేప దానికి కనిపించదు.

భూమి దాటాక ఈ వాదన ఎలాగూ తీరిపోతుంది. శనిగ్రహపు ఎన్సెలాడస్ 500 కిలోమీటర్ల చిన్న చంద్రుడు. దాని మంచు పగుళ్లలోంచి నీళ్లు చిమ్మడం కాసిని నౌక 2005లో చూసింది, 2015లో ఆ చిమ్ముల్లోంచే దూసుకెళ్లింది. అందులో హైడ్రోజన్ కనపడింది. లాస్ట్ సిటీలో ఊరేదే అది. గురుడి చంద్రుడు యూరోపాలో భూమి సముద్రాలన్నిటికన్నా ఎక్కువ నీళ్లున్నాయని అంచనా. 2024 అక్టోబరు 14న బయల్దేరిన యూరోపా క్లిప్పర్ 2030 ఏప్రిల్‌లో చేరి, 49 సార్లు పక్కనుంచి పోతూ చూస్తుంది. దిగదు, ఆగదు. అక్కడ ఇల్లు మన మనవలకూ అందని మాట.

గోదావరికి ఎదురుగా

అంత దూరం పోనక్కర్లేదు. 2006లో జోయిడెస్ రిజల్యూషన్ అనే నౌక కృష్ణా గోదావరి బేసిన్‌లో ఒకచోట తవ్వితే 128 మీటర్ల మందాన గ్యాస్ హైడ్రేట్ పొర తగిలింది. మంచు పంజరంలో మీథేన్ బందీ అయిన పదార్థం అది, ఘనమీటరు కరిగితే సుమారు 160 ఘనమీటర్ల గ్యాసు వస్తుంది. ఆ బేసిన్‌లోనే వెయ్యి మీటర్లకు మించిన లోతున మీథేన్ ఊట, దాని మీద బతికే జీవుల కాలనీ ఉన్నాయని గోవాలోని జాతీయ సముద్ర విజ్ఞాన సంస్థ శాస్త్రజ్ఞులు 2019లో ప్రచురించారు. చైనా ఇల్లు కట్టాలనుకున్న చోటు ఎలాంటిదో, అలాంటి చోటు మన కాకినాడ, మచిలీపట్నం బోట్లు వేటకు వెళ్లే సముద్రానికి ఆవల, చీకట్లో ఉంది. కేజీ బేసిన్ అనగానే మనం గ్యాసు ధర, రిగ్గులు, కోర్టు కేసులు మాట్లాడతాం. అక్కడ ఎండ ముఖం చూడని జీవులున్నాయని తీర జిల్లాల పిల్లల పాఠ్యపుస్తకాల్లో ఒక పేజీ ఉంటే బాగుంటుంది.

చూడటానికి మన దగ్గర సిద్ధమవుతున్నది మత్స్య-6000. చెన్నైలోని జాతీయ సముద్ర సాంకేతిక సంస్థ తయారీ. 80 మిల్లీమీటర్ల మందం టైటానియం గోళం, లోపల 2.1 మీటర్ల వెడల్పు, ముగ్గురు మనుషులు. 6,000 మీటర్ల దాకా దిగాలని లక్ష్యం. మామూలుగా 12 గంటలు, ఆపద వస్తే 96 గంటలు ప్రాణవాయువు. ఆ 12 గంటల్లోనే దిగడం, ఎక్కడం కూడా ఉన్నాయి, కాబట్టి చూడటానికి మిగిలేది కొన్ని గంటలే. గోదావరి ఎదుటి ఊటల లోతు 6,000లో సగం కూడా లేదు. ప్రయాణం తగ్గి చూపు పెరగాలంటే మొదట అక్కడే దించితే మేలని నా అభిప్రాయం. ఆ ముగ్గురిలో ఒక సీటు సూక్ష్మజీవుల గురించి తెలిసినవాళ్లకు ఇవ్వాలి. గాలపాగోస్‌లో లేకపోయిన సీటు అదే.